రెండు కోపాల మధ్య

“శుక్రవారం మ్యాచ్‌లో నా మేనల్లుడు ఆడాలి. లేకపోతే శనివారం ఆ జర్మన్‌వాడు విమానం ఎక్కుతాడు. ఈ మాట ఉన్నదున్నట్టు చెప్పు,” అన్నాడు ముదీర్, బల్ల మీద అరచేత్తో కొట్టి.

హిదాయతుల్లా గొంతు సవరించుకున్నాడు.

జెబెల్ అలీ దగ్గర ఆ ఫుట్‌బాల్ క్లబ్బులో ముదీర్, అంటే మేనేజరు, అరబ్బీలో మాట్లాడతాడు, జర్మన్ కోచ్ హార్ట్‌విగ్ ఇంగ్లీషులో. ఒకరి మాట ఇంకొకరికి చెప్పడమే కడప హిదాయతుల్లా ఉద్యోగం. కోచ్ ఉన్నంతకాలమే అతని వీసా. ఎనభై మూడులో చేరింది మొదలు అతను ఒక్క తిట్టునీ తిట్టుగా దాటించలేదు.

“మేనల్లుడికి మీ దగ్గర ఆడాలని ఆశట. కాస్త ఆలోచించమంటున్నారు,” అన్నాడు ఇంగ్లీషులో.

కోచ్ ముఖం అప్పటికే ఎర్రగా కందిపోయి ఉంది. అరిచేవాడి మొహం కనిపిస్తుంటే ఇంక మాటలతో పనేముంది అనుకున్నాడు హిదాయతుల్లా.

కోచ్ దిగ్గున లేచి ప్యాంటు మోకాలి పైకి లాగాడు. మోకాలి మీద జానెడు కోత మచ్చ.

“పన్నెండేళ్ళు సెంటర్ ఫార్వర్డ్‌గా ఆడాను. నూట ఇరవై గోల్స్ కొట్టాను. ఈ మోకాలు పోయాకే కోచ్‌నయ్యాను. మా నాన్న బొగ్గుగనిలో కూలి. తొమ్మిదో నంబరు చొక్కా నాకు ఏ మేనమామా తొడగలేదు. ఆ కుర్ర గాడిదకి బంతికీ పుచ్చకాయకీ తేడా తెలీదు. చెప్పు.”

హిదాయతుల్లాకి ఒళ్ళు మండింది. ఈయనా చెప్పు, ఆయనా చెప్పు. చెప్తే రేపీపాటికి వీసా ఖలాస్.

“కుర్రాడు ముత్యమట. తొందరపడి దింపితే తన మోకాలిలాగే అతనిదీ పోతుందని భయపడుతున్నారు. చూడండి, ఎంత కోతో,” అన్నాడు అరబ్బీలో.

ముదీర్ ఆ మచ్చని చాలాసేపు చూశాడు. మీసం దువ్వుకున్నాడు.

“మొండి ఒంటె అని చెప్పు. ఈ ఒక్క శుక్రవారానికి వదిలేశానని కూడా చెప్పు.”

“మీ అనుభవం మీద గౌరవంతో సరేనంటున్నారు.”

ఇద్దరూ చేతులు కలిపారు. హిదాయతుల్లా చెమట తుడుచుకుంటూ బయటికొచ్చాడు.

వరండాలో చాయ్ గ్లాసులు కడుగుతున్నాడు జగిత్యాల పర్శరాములు.

“ఏందన్నా, ఇయ్యాల గూడ లొల్లేనా? ఈడిదాంక ఇనవడ్డది.”

“ఇద్దురూ నా మొగాన ఊంచుతాండారప్పా. నేను తుడుచుకోని, దానికి అత్తరు పూసి అందిస్తాండా.”

“ఒక్కపారి ఉన్నదున్నట్టు చెప్పరాదె మరి.”

“చెప్తే మూట గట్టుకోని కడపకి పోవల్ల.”

“పోతె పోతవ్. నాకో గ్లాసు కడుగుడు తప్పుతది.”

పర్శరాములు నవ్వాడు. హిదాయతుల్లాకి నవ్వు రాలేదు. రెండేళ్ళుగా మింగిందంతా ఒక్కసారి గొంతులోకి తన్నుకొచ్చింది. వీసా పోతే పోనీ. గాడిదని గాడిదగానే, ఒంటెని ఒంటెగానే అప్పగించి, ఈ పూటే తేల్చుకోవాలి.

గిరుక్కున వెనక్కి తిరిగాడు. విసురుగా వెళ్ళి తలుపు మీద చెయ్యి వేశాడు.

లోపల కోచ్ గొంతు, ఎక్కడా తడబాటు లేని అరబ్బీలో, ముదీర్‌తో అంటోంది: “వచ్చే ఏడు కూడా హిదాయతుల్లాని మాత్రం వదులుకోవద్దు, మనం నేరుగా మాట్లాడుకోవడం మొదలుపెడితే ఒక్క వారం కూడా కలిసి పనిచెయ్యలేం.”