పక్కన పెట్టిన సరుకు

"మిషన్ ఆపండి సార్. ఆ డబ్బా పోసింది నేనే. పల్లీలది పోశాను."

టీ గ్లాసు సూపర్‌వైజర్ పెదవుల దాకా వెళ్ళి ఆగింది. ఎదురుగా క్రీమ్ గదిలో పనిచేసే ఆమె నిలబడి ఉంది. ఫ్యాక్టరీలో అందరూ ఆమెని గాభరా అక్క అంటారు. పిల్లి తుమ్మినా పిడుగు పడిందనుకునే మనిషి. అందుకే ఆయన మొదట నవ్వాడు.

"నిన్న గ్యాస్ లీకవుతోందన్నావు. తీరా చూస్తే నీ పక్కామె రాసుకొచ్చిన తలనూనె. ఇవాళ పల్లీలా?"

ఆమె గుప్పిట విప్పింది. అరచేతిలో ఎర్రటి పల్లీ పొట్టు, గోరంత.

"డబ్బా అడుగున అంటుకుని ఉంది సార్."

ఆయన నవ్వు అక్కడే ఆగిపోయింది.

ఆ ఫ్యాక్టరీలో ఏదీ పారెయ్యరు. పలచటి వేఫర్ రేకులు కాలుస్తారు. మధ్యలో క్రీమ్ పూసి ఒకదాని మీద ఒకటి పేరుస్తారు, కోస్తారు, ధారగా కారే చాక్లెట్ కిందుగా పంపిస్తారు. దారిలో విరిగిన ముక్కలన్నీ పొడి కొట్టి మళ్ళీ క్రీమ్‌లోనే కలిపేస్తారు. బిస్కెట్ కడుపులో బిస్కెట్టే. మామూలు రకం పొడికి నీలం మూత, పల్లీల రకం పొడికి పసుపు మూత. పొద్దున కడిగినవాళ్ళు మూతలు తారుమారు చేశారు. ఆమె మూత రంగు చూసింది గానీ, ఎన్నడూ లేంది, లోపల వాసన చూడలేదు.

"పల్లీలేగా, ఎలకల మందు కాదుగా. అందరూ తినేవే," అన్నాడాయన గొంతు తగ్గించి.

"అందరికీ తిండే. మా పాపకి మాత్రం విషమే సార్. పోయినేడు ఒక్క పలుకు నోట్లో పడితే గొంతు వాచిపోయి పెదాలు నీలం తిరిగాయి. ఇంకో పావుగంట ఆలస్యమైతే పిల్ల దక్కేది కాదంది డాక్టరమ్మ. అప్పట్నుంచీ అది పరాయి చేత్తో ఇస్తే గుక్కెడు నీళ్ళు కూడా తాగదు. అలా నేర్పాను."

"తినదని నువ్వే అంటున్నావుగా. మరి నీకెందుకు ఈ గోల?"

"ఊళ్ళో అలాంటి పిల్ల నాదొక్కతేనా సార్? అట్ట మీద పల్లీలు లేవని రాసి ఉంది. ఏ తల్లో అది చదువుకుని, నమ్మి, తన చేత్తో తనే తినిపిస్తుంది."

"తప్పు నీదని రాయాల్సొస్తుంది. ఉద్యోగం పోతుంది, ఆలోచించుకో."

"రాయండి. కడుపుకోత కంటే కడుపు మాడ్చుకోవడం నయం."

ఆయన తన గది కిటికీ అద్దంలోంచి కిందికి చూశాడు. పెట్టెలు బండెక్కుతున్నాయి. కాసేపు గడ్డం గోక్కుని ఫోనెత్తాడు.

"స్టోరు బాబాయేనా? పొద్దుటి సరుకు మొత్తం దించెయ్. బజారుకొద్దు, పక్కకి. ఎందుకేంటి? చెప్పింది చెయ్యి."

ఫోన్ పెట్టేసి ఆమె వైపు తిరిగాడు. "సరే, నీ మాటే నెగ్గింది. కానీ సంగతి మనిద్దరి మధ్యే ఉండాలి. పల్లీ అన్న మాట ఈ గుమ్మం దాటిందంటే కంపెనీకి తాళమే. రెండొందల మంది రోడ్డున పడతారు."

ఆమె తలూపింది. ఆయన కాళ్ళ మీద పడినంత పని చేసింది.

మిగతా షిఫ్టంతా మిషన్ విప్పి వేడినీళ్ళతో కడిగింది. గుండెల మీంచి బండ దిగినట్టుంది. రేపు ఉద్యోగం ఉంటుందో ఊడుతుందో తెలీదు. అయినా ఎక్కడో, ఎవరో, మొహమైనా చూడని ఒక తల్లి ఇవాళ బిడ్డని పొదువుకుని నిద్రపోతుంది. ఆ మాట అనుకుంటే చాలు, చేతులు చురుగ్గా కదిలాయి.

మూడింటికి సైరన్ మోగింది. పాపని ముట్టుకోవాలి కదా అని మోచేతుల దాకా మూడుసార్లు సబ్బుతో రుద్దుకుంది. బట్టలు మార్చుకుంది. ఫ్యాక్టరీ గోడని ఆనుకునే ఉంది పిల్లల గది. పనిలోకొచ్చే తల్లులంతా పిల్లల్ని అక్కడే వదులుతారు. అటు నడిచింది.

అటునుంచే స్టోరు బాబాయి ఎదురొస్తున్నాడు, చంకలో ఖాళీ పెట్టె.

"బాబాయ్, పొద్దుటి సరుకు పక్కన పెట్టించావా?"

"పక్కన పెట్టడమేంటమ్మా, పక్కకి పంచేశాను కూడా." పిల్లల గది వైపు గడ్డంతో చూపించాడు. "ఇన్నాళ్ళకి సూపర్‌వైజర్ గారికి ధర్మం గుర్తొచ్చింది. బజారుకొద్దు, పక్కకి అన్నారు. పాపం, మన పిల్లలు గోడ ఇవతల వాసన పీల్చడమే గానీ ఏనాడైనా రుచి చూశారా?"

ఆమె అతన్ని దాటుకుని గది వైపు అడుగేసింది.

"నీ కూతురికి మాత్రం ఎంత భయమమ్మా, అచ్చం నీ పోలికే," అని నవ్వాడు బాబాయి. "అందరూ తింటుంటే చేతులు వెనక్కి దాచుకుని కూర్చుంది. 'మీ అమ్మ చేసిందే తల్లీ' అన్నాకే నోరు తెరిచింది."