ఆటల డబ్బా

గేటు చప్పుడైంది. అంతే, కిటికీలోంచి తొంగిచూసిన అలేఖ్య చేతిలో ఉన్న కంట్రోలర్ పోయి శశిధర్ ఒళ్లో పడింది.

"ఏందిది? నీదే గదా, నీ చేతులనే ఉండని" అన్నాడతను గొంతు తగ్గించి.

"అత్తమ్మ ఒక్కరే కాదండీ, మిర్యాలగూడ నుంచి వదిన, అన్నయ్య కూడా వచ్చారు. ఈ ఒక్కసారికీ!"

ఈ ఒక్కసారి అనేది పెళ్లయిన దగ్గర్నుంచీ నడుస్తూనే ఉంది. టీవీ పక్కన కూర్చున్న ఆ వీడియో ఆటల డబ్బా అలేఖ్యది. కోదాడలో ఉద్యోగం చేసినప్పుడు ముచ్చటపడి కొనుక్కుంది. అది బీరువా, మంచంతో పాటు సూర్యాపేటలో అత్తారింట్లో దిగేసరికి, అల్లుడి సరదా కోసం మామగారు కొనిపెట్టారని ఇంటిల్లిపాదీ అనుకున్నారు. కోడలు ఆటలాడుతుందంటే నలుగురూ నవ్వుతారని ఆమె కాదనలేదు. అత్త లక్ష్మీకాంతమ్మ తిట్లన్నీ కొడుకే తిన్నాడు. ఏం చేస్తాడు మరి, పెళ్లాం మీద ప్రేమ!

డబ్బాలో జాగా నిండిపోయిందని పొద్దుటి నుంచి అలేఖ్య ఆటలు సర్దుతోంది. పూర్తిచేసినవి ఒక వరుస, సగంలో ఆగినవి ఒక వరుస, కొని ముట్టనైనా ముట్టనివి ఇంకో వరుస. ప్రాణం పోయినా తీసేయలేనివి అన్నిటికంటే పైన. ఇప్పుడా వరుసలన్నీ టీవీ నిండా పరుచుకుని ఉన్నాయి. ఆపేయడానికి కూడా వ్యవధి లేకపోయింది.

"ఏం బామ్మర్ది, ఆదివారం పూట గిదేనా పని?" అంటూ లోపలికొచ్చాడు బావ శ్రీనివాస్. వెనకాలే అక్క రచన, ఆ వెనక లక్ష్మీకాంతమ్మ.

"జర సర్దుతున్న బావా" అన్నాడు శశిధర్, కంట్రోలర్ ఎక్కడ పెట్టాలో తెలియక.

"ఇవన్ని ఆడుతవా? గీ కత్తి పట్టుకున్నోడు ఎవడు?"

శశిధర్ తెల్లమొహం వేశాడు. పేరు అలేఖ్య నాలుక చివరిదాకా వచ్చింది. మింగేసింది.

"అదీ... కొట్లాట ఆట బావా."

రచన పకపకా నవ్వింది. "ముప్పై దాటినయ్, సిగ్గుండాలెరా తమ్మీ!"

శ్రీనివాస్ మాత్రం నవ్వలేదు. ఆయన వచ్చిన పని వేరు. హాలియాలో తెరవబోయే ఎరువుల దుకాణం బామ్మర్దికి అప్పజెప్పే మాట మాట్లాడటానికొచ్చాడు. మిల్లులో ఒకరి కింద పనిచేస్తున్న శశిధర్ ఆ మాట కోసమే ఇన్నాళ్లూ ఎదురుచూశాడు.

"తప్పుగ అనుకోకు శశీ" అన్నాడు శ్రీనివాస్. "యూరియా వచ్చిందంటె రైతులు పొద్దుగాలనే వచ్చి నిలబడ్తరు. ఆడ కూసునేటోనికి దాని మీదనే ధ్యాస ఉండాలె. నువ్వేమో ఇంకా గీ ఆటల్లనే ఉన్నవ్. దుకాణానికి ఇంకెవర్నన్న సూసుకుంట."

"నీ ఇష్టం బావా" అన్నాడు శశిధర్. తల మాత్రం దించలేదు.

టీ గ్లాసులతో వంటింటి గడపలో నిలబడ్డ అలేఖ్యకు మొహం భగ్గుమంది. చెప్పెయ్, ఇప్పుడే చెప్పెయ్ అంది మనసు. ఒక్క మాట. కానీ వదిన ముందు, అన్నయ్య ముందు, ఆ మాట ఎలా? వాళ్లు ఊరంతా చెప్పుకుని నవ్వరూ? ఛీ, ఏం మనిషివే నువ్వు అని తనను తానే తిట్టుకుంది. తిట్టుకుని, వెళ్లి టీ అందించింది. భర్తకు గ్లాసిచ్చేటప్పుడు మాత్రం అతని మొహంలోకి చూడలేకపోయింది.

అప్పటిదాకా ఒక్క మాటా అనని లక్ష్మీకాంతమ్మ లేచింది. గోడకున్న వైరు పీకింది. టీవీలో వరుసలన్నీ మాయమయ్యాయి.

"అన్నిటికి గీ దయ్యపు డబ్బనే మూలం. రచనా, తీస్కపోయి మీ పిల్లలకియ్యి. ఈడ ఉండొద్దిది."

"తీస్కపోవాల్నా తమ్మీ?" అంది రచన, సంచి నోరు తెరుస్తూనే.

అలేఖ్య అతనికి కళ్లతోనే సైగ చేసింది, వద్దను, వద్దను అని. శశిధర్ అటు చూడనే లేదు.

"తీస్కపో అక్కా. ఖతమైతది."

డబ్బా సగం సంచిలోకి దిగింది. ఇక అలేఖ్య వల్ల కాలేదు.

"వదినా, ఆగండి! అది నాది!" అని అరిచేసింది. "ఆయనది కాదు. ఆయనకు ఆడటమే రాదు. నా డబ్బుతో నేనే కొనుక్కున్నా. ఆ ఆటలన్నీ నావే అత్తమ్మా, ఇప్పుడే కుదురుగా సర్దుకున్నా... మీ కాళ్లు పట్టుకుంటా, ఇచ్చెయ్యకండి!"

శ్రీనివాస్ గ్లాసు కింద పెట్టి గొంతు సవరించుకున్నాడు. రచన సంచి వదిలేసింది. అలేఖ్య కళ్లు తుడుచుకుంది. ఆలస్యమైతేనేం, నిజం చెప్పేశాను, ఇక ఆయన్నెవరూ ఏమీ అనలేరు అనుకుంది. గుండె కాస్త తేలికపడి భర్త వైపు చూసింది. అన్ని మాటలకూ దించని తల అతను ఇప్పుడు దించుకున్నాడు.

లక్ష్మీకాంతమ్మ డబ్బాను సంచిలోంచి తీసి, కొంగుతో దుమ్ము తుడిచి, కోడలి చేతుల్లో పెట్టింది.

"నీదని నాకు ఎన్నడో ఎరుక బిడ్డా, వాడు మిల్లుకు పోయినంక గూడ, నేను గేటు తీసేదాంక ఇది మోగుతనే ఉంటది గద" అంది నెమ్మదిగా. "నా కొడుకు ఇజ్జత్ పోయేటప్పుడన్న నోరు తెరుస్తవేమోనని సూసిన. డబ్బ పోయేటప్పుడు తెరిసినవ్."