గద్ద కేక

"అటు వద్దండి. వెనక్కి వెళ్ళిపోదామండి" అంటూ అబ్రహాం గెడను బురదలో దించి దోనెను ఆపేశాడు.

సుకుమార్ కెమెరా మీంచి తల ఎత్తలేదు. "నువ్వు వినలేదా? ఇప్పుడే అరిచింది. చేపగద్ద. ముప్పై ఏళ్ళుగా పక్షుల మీద సినిమాలు తీస్తున్నాను. నాకు గద్ద గొంతు తెలీదా?"

"మీకు తెలియకపోవడమేంటండి."

"మరి పోనియ్యి."

"ముందు గుర్రపుడెక్క అడ్డం పడిందండి. దోనె కదలదు."

ముందు నీళ్ళు తేటగా ఉన్నాయి. సుకుమార్ ఏదో అనబోయేలోగా ఫోను మోగింది. టీవీ ఛానెల్ నుంచి గాయత్రి.

"సార్, సాయంత్రం మీటింగ్. గద్ద దొరికిందా?"

"ఉందమ్మా. ఇప్పుడే విన్నాను."

"వింటే చాలదు సార్, చూపించాలి. ఉత్త చేపల చెరువులు ఎవరు చూస్తారు? గద్ద లేకపోతే ఈ సినిమా ఇక్కడితో ఆపేద్దాం సార్. ఏమీ అనుకోకండి."

సుకుమార్ ఫోను జేబులో పెట్టుకున్నాడు. "విన్నావుగా. ఇది పోతే నాకు ఇంకో సినిమా లేదు, అబ్రహాం. అరవై ఆరేళ్ళవాడికి ఎవరిస్తారు?"

అబ్రహాం నీళ్ళవైపు చూశాడు. "నడుం పట్టేసిందండి."

"ఏలూరు నుంచి నేను రాకముందే దోనె కడిగి కూర్చున్నావు. అప్పుడు లేని నడుంనొప్పి గద్ద అరిస్తే వచ్చిందా?"

అబ్రహాం నవ్వలేదు. దోనె ముందున్న ఖాళీ చెక్కను అరచేత్తో తుడిచాడు. "మీ మొదటి సినిమాకి అమ్మగారు మైకు పట్టుకుని ఇక్కడే కూచునేవారండి. ఆవిడుంటే మిమ్మల్ని అటు వెళ్ళనిచ్చేవారు కాదు."

"స్నేహలత ఉంటే గద్ద ఎక్కడుందో నాకంటే ముందే వేలు పెట్టి చూపించేది. కట్టుకున్న మనిషి పోయి నాలుగేళ్ళయింది. ఆ గెడ ఇలా ఇవ్వు."

అబ్రహాం ఇవ్వలేదు. సుకుమారే లాక్కున్నాడు.

గెడ వేయడం ఎప్పుడో మరిచిపోయిన చేతులు. దోనె వంకరటింకరగా కదిలింది. మండవల్లి వైపు మలుపు తిరగగానే కేక మళ్ళీ వినిపించింది, చాలా దగ్గరగా. సుకుమార్ గెడ వదిలేసి కెమెరా అందుకున్నాడు.

అక్కడ చెట్టన్నదే లేదు. గట్ల మధ్య చేపల చెరువులు, ఒకదాని వెనక ఒకటి. ఎదురుగా గట్టు మీద ఇనప స్తంభం, దానికి కట్టిన స్పీకరు పెట్టె. గద్ద అరుస్తున్నది ఆ పెట్టెలోంచే. చేపల కోసం చెరువు మీదికి దిగబోతున్న గూడబాతులన్నీ ఒక్కసారి పైకి లేచి పడమటికి పోయాయి.

పాకలోంచి ఒకావిడ బయటికి వచ్చింది. చెరువుకు కాపలా ఉండే వెంకటనరసమ్మ.

"బెదిరిపోకండి బాబూ, పెట్టేనండి. ఎవరో తీసిన పాత సినిమాలోదంట. మా ఓనరుగారు ఫోనులోంచి దించారు. ఇది పెట్టిన కాణ్ణుంచీ ఒక్క గూడబాతు వాలితే ఒట్టు. ఆ తీసినాయనెవరో చల్లగా ఉండాలి."

సుకుమార్ కెమెరా ఒళ్ళో పెట్టుకుని కూలబడ్డాడు. అబ్రహాం వైపు తిరిగాడు. "నీకు ముందే తెలుసు."

"తెలుసండి."

"గద్ద లేదని ఒక్క ముక్క చెప్పి ఉంటే సరిపోయేది కదయ్యా."

"గద్ద గురించి కాదండి నేను వద్దన్నది."

పెట్టె మళ్ళీ అరిచింది. ఈసారి దోనె గట్టుకు చేరి స్తంభం కిందే ఉండటంతో చివరిదాకా వినిపించింది. కేక ఆగాక గాలి చప్పుడు, దోనె అంచుకు నీళ్ళు తగిలే చప్పుడు, ఆ తరువాత మెల్లగా ఒక ఆడగొంతు.

"ఎగిరిపోయిందండీ. ఇక మైకు ఆపేయనా?"