మూడు నుంచి ఐదున్నర దాకా

థియానో చీపురు కర్రతో ఇంటి కప్పును టకటకా పొడిచింది.

పైన పియానో ఆగలేదు.

ఏథెన్స్‌లో మధ్యాహ్నం మూడు నుంచి ఐదున్నర దాకా అందరూ కునుకు తీసే వేళ. ఆ సమయంలో దొంగ కూడా మునివేళ్ల మీద నడుస్తాడు. నెల కిందట పైవాటాలో దిగిన ముసలాయనకు మాత్రం ఆ పాటి ఇంగితం లేకపోయింది.

థియానో విసురుగా మెట్లెక్కింది. గంట దగ్గర చిన్న కాగితం మీద ‘అర్గీరిస్ వలెరాస్’ అని చేత్తో రాసి ఉంది. నొక్కింది.

"బుద్ధుందా పెద్దాయనా? మా అమ్మ నిద్రపోవద్దూ?"

"అమ్మగారు మేలుకునే ఉన్నారమ్మా. వంటింటి కిటికీలోంచి ఆవిడ కూనిరాగం వినిపిస్తోంది. చివరి ముక్క గుర్తురాక మళ్లీ మొదటికే వస్తున్నారు. అది అందిస్తున్నాను, అంతే."

థియానోకు ఒళ్లు మండింది. మతిమరుపు జబ్బుతో అమ్మ కన్నకూతురి పేరే మర్చిపోయింది. మిగిలింది ఆ రాగం ఒక్కటే, ఎప్పటిదో టీవీ సీరియల్‌ది.

"మీరేం పాఠాలు చెప్పక్కర్లేదు. ఆ పాట ఊరందరికీ వచ్చు!"

ముసలాయన ముఖం వెలిగిపోయింది. "అవునా? ఇంకా వచ్చా?"

ఎంత వెటకారం అనుకుంది థియానో. ఆ ఆదివారమే అపార్ట్‌మెంట్ మీటింగ్ పెట్టించింది.

"మీకో దండం స్వామీ," అన్నాడు సెక్రటరీ పరాస్కెవాస్. "పడుకునే వేళ ఆ పెట్టె ముట్టుకోకండి."

"అలాగేనండీ. తప్పయిపోయింది," అన్నాడు ఆయన.

పియానో ఆగిపోయింది.

మర్నాటి నుంచి అమ్మకు నిద్ర కరువైంది. సగం రాగం తీసి ఆగేది, కప్పు వైపు చూసేది, ఎదురుచూసి ఎదురుచూసి ఏడ్చేది. పదో రోజుకు తిండి కూడా మానేసింది.

అప్పుడుగానీ థియానోకు అర్థం కాలేదు, ఇన్నాళ్లూ అమ్మను నిద్రపుచ్చింది ఎవరో. సిగ్గు దిగమింగుకుని, నారింజ తొక్కల తీపి గిన్నె పట్టుకుని పైకి వెళ్లింది.

ఎంతసేపు గంట కొట్టినా తలుపు తీయలేదు.

"ఆయన లేరమ్మా," మెట్లు దిగుతూ చెప్పాడు పరాస్కెవాస్. "మీటింగయిన మర్నాడే లెస్వోస్ దీవిలో చెల్లెలింటికి వెళ్లారు. మొన్న అక్కడే పోయారట."

"పియానో?"

"లోపలే ఉంది. ఇక ఎవరు వాయిస్తారు?"

థియానో తీపి గిన్నె ఆ తలుపు ముందే పెట్టింది. "నేనే తరిమేశాను," అంది.

వేసవి కాబట్టి ఛానెళ్లన్నీ పాత సీరియళ్లే మళ్లీ వేస్తున్నాయి. వెతగ్గా వెతగ్గా ఆ సీరియల్ దొరికింది. మధ్యాహ్నం మూడున్నరకు, శబ్దం బాగా తగ్గించి, అమ్మ మంచం పక్కన పెట్టింది.

ఆ రోజు భాగం ముగిసింది. రాగం మొదలైంది. అమ్మ అందుకుంది.

ఆ సీరియల్ చూసిన రోజుల్లో థియానో ఎప్పుడూ సరిగ్గా ఇక్కడే టీవీ కట్టేసేది. ఈసారి అమ్మ కోసం, చివరి ముక్క కోసం ఉంచింది.

అది వచ్చింది. అమ్మ కళ్లు మూసుకుంది.

తెర మీద పేర్లు ఒకటొకటిగా పైకి కదిలిపోతున్నాయి, వాటిలో ‘సంగీతం’ అన్న మాట పక్కన, పైవాటా గంట దగ్గర ఇంకా ఎవరూ పీకని కాగితం మీది పేరు ఉంది.