ఒక్కపొద్దు

నా భార్య నీలమ్మ చనిపోయిన వారానికి ఎదురింటి కిరాణా షావుకారు భార్య సుగుణమ్మ పరామర్శకు వచ్చింది. కుర్చీ అంచున కూర్చుని ఏడ్చింది. ఆ ఏడుపు నిజమో కాదో తేల్చుకోవాలని చాయ్ కాచి ఆమె ముందు పెట్టాను.

"వద్దన్నా, ఇయ్యాల ఒక్కపొద్దు ఉన్న."

మేము యాకుత్‌పురాలో కాపురం పెట్టిన నాటి నుంచి మా ఇంట్లో ఆమెకు ఎప్పుడూ ఒక్కపొద్దే. మేము చర్చికి పోయే మాలవాళ్లమని గల్లీ అంతటికీ తెలుసు. మొహం మీద ఎవరూ అనరు. ఒక్కపొద్దు అంటారు.

నీలమ్మ మాత్రం "పాపం, ఆమెకు మస్తు భక్తి" అని నవ్వేది. ఏమీ తెలియని మనిషి అనుకునేవాణ్ణి.

ఈసారి నేను ఊరుకోలేదు. "ఇయ్యాల బుధవారం గదక్కా. ఏ దేవునికి?"

సుగుణమ్మ తడబడింది. కొంగుతో కళ్లు ఒత్తుకుంది.

"గట్ల అడుగుతవేందన్నా? నీలమ్మ ఎన్నడన్న అడిగిందా? ఆమె గూడ మా ఇంటికొస్తే గంతే. ఆమె కోసమే కిటికీల వేరే కప్పు పెట్టినం. అండ్ల ఒక్కనాడు చాయ్ తాగలే. ఎప్పుడు పోసినా 'ఒక్కపొద్దు ఉన్న వదినా' అని నవ్వేది. గంత భక్తి నేను యాడ చూడలే."



మా నీలమ్మ అందరూ ఉపవాసముండే గుడ్ ఫ్రైడే నాడు కూడా చాయ్ తాగనిదే చర్చికి బయలుదేరేది కాదు.