ఐదో తారీకు మనిషి

“మళ్ళీ వచ్చాడండీ,” అంది ఆమె, వంటింటి కిటికీ దగ్గరి నుంచి కదలకుండా.

బూటు లేసు కట్టుకుంటున్న భర్త తలెత్తలేదు. “ఎవరు?”

“పోయిన నెలా ఇలాగే ఐదో తారీకున వచ్చాడని చెప్పానే, ఆ ముసలాయనే. గేటు పట్టుకుని ఇంటివంకే చూస్తున్నాడు.”

అతను లేచి వచ్చి తొంగిచూసేసరికి వీధి ఖాళీగా ఉంది.

“ఆసుపత్రిలో రోజంతా రోగుల్ని చూసీ చూసీ, ఇంటికొచ్చినా వాళ్ళే కనిపిస్తున్నట్టున్నారు నీకు,” అని నవ్వాడు. లిఫ్టులు బాగుచేసే మెకానిక్ అతను. కంటికి కనబడని దాన్ని నమ్మే అలవాటు లేదు.

ఇంతలో అతని ఫోను చిన్నగా మోగింది. “హమ్మయ్య, నాలుగో వాయిదా కూడా బ్యాంకుకి వెళ్ళిపోయింది. ఇంకెంత, ఇరవై ఏళ్ళేగా!”

“మీకన్నీ వేళాకోళమే.”

“మరి ఏడవమంటావా? వేలంలో ఈ ధరకి ఇల్లు ఎవరికి దొరుకుతుంది చెప్పు? దీనిమీదున్న పాతాయన అప్పుకు కూడా సరిపోలేదని బ్యాంకు మేనేజరు ముఖం మాడ్చుకున్నాడు. మన అదృష్టం.”

అతను వెళ్ళిపోయాక కూడా ఆమె కిటికీ దగ్గరే నిలబడింది. మనిషి రావడం కాదు ఆమెను భయపెట్టింది. ఆ గేటు గడియ కాస్త పైకెత్తి, లోపలికి నొక్కితేగానీ రాదు. పాలవాడు ఇప్పటికీ దాంతో కుస్తీ పడుతూనే ఉన్నాడు. ఆ ముసలాయన మాత్రం చూడకుండానే రెండు వేళ్ళతో ఎత్తి, చప్పుడు కాకుండా మళ్ళీ వేశాడు. లోపలికి మాత్రం అడుగు పెట్టలేదు.

ఆదివారం అలమర సర్దుతుంటే, అరలో పరిచిన పాత కాగితం కింద ఒక గుర్తింపు కార్డు దొరికింది. ఏదో ఫ్యాక్టరీది. ఫొటోలో జుట్టు నల్లగా ఉంది, బుగ్గలు నిండుగా ఉన్నాయి. కానీ కళ్ళు ఆ ముసలాయనవే.

కార్డు పట్టుకుని ప్రహరీ గోడ దగ్గరికి వెళ్ళింది. అవతల పక్కింటి పిన్నిగారు బట్టలు ఆరేస్తోంది.

“ఈయనెవరో తెలుసా పిన్నిగారూ?”

ఆవిడ కార్డు చూసి నిట్టూర్చింది. “మీ ఇంట్లో ముందున్నాయనే. పాపం, పోయాడు.”

“పోయాడా?”

“పోకేం చేస్తాడు? మెషిన్లో పడి చెయ్యి నలిగింది. ఉద్యోగం పోయింది. మూణ్ణెల్లు తిరిగేసరికి అప్పు గొంతుమీద కూర్చుంది. ఆ తర్వాత మనిషి ఎవరికీ కనబడలేదు.”

తర్వాతి మూడు వారాలూ ఆమె ఇంట్లో ఒంటరిగా ఉన్నప్పుడల్లా రేడియో పెట్టుకుని తిరిగింది. స్నానాల గదిలో కుళాయి దానంతటదే కారితే పరుగున బయటికి వచ్చేసేది. భర్తకు చెబితే వాషరు మార్చాడు.

ఐదో తారీకు వచ్చింది. భర్త వెళ్ళిపోయాడు. తొమ్మిదిన్నరకు గేటు దగ్గర ఆయన నిలబడి ఉన్నాడు.

ఈసారి ఆమె తలుపు తీసుకుని బయటికి వచ్చింది. చేతిలో గ్లాసుడు నీళ్ళు. ఎందుకు తెచ్చిందో ఆమెకే తెలీదు.

“తాగండి,” అంది.

ఆయన ఎడమచేత్తో అందుకుని గటగటా తాగాడు. ఆమె కళ్ళార్పకుండా గ్లాసువంకే చూసింది. నీళ్ళు తగ్గాయి. ఆమెకు ఊపిరాడింది.

“మీరు పోయారన్నారే!” అని నోరు జారింది.

ఆయన నవ్వాడు. “నేను కాదమ్మా. పోయింది ఇల్లు.”

“అయ్యో, లోపలికి రండి బాబాయిగారూ,” అంటూ గేటు తీసింది.

“వద్దమ్మా. లోపలికొస్తే మళ్ళీ బయటికి రావడం కష్టం.” గ్లాసు గోడమీద పెట్టి, మెల్లగా అడిగాడు. “మీరు అప్పు ఎన్నేళ్ళకి పెట్టుకున్నారు?”

“ఇరవై.”

“కట్టినదాంట్లో అసలు ఎంత తగ్గిందో చూశారా ఎప్పుడైనా?”

చూడలేదు. సంతకాలు పెట్టిన రోజు తెచ్చిన కాగితాల కట్ట ఇంకా విప్పనేలేదు. ఆమె లోపలికి వెళ్ళి తెచ్చింది. ఆయన వేలు పెట్టి చూపించాడు. మొదటి వాయిదాలో వందకి ఎనభై మూడు వడ్డీకే. ఆఖరి పేజీలో మొత్తాన్ని ఆమె రెండుసార్లు చదివింది. తీసుకున్నదానికి రెండింతల పైనే ఉంది.

“అంటే... రెండిళ్ళ డబ్బు పోసి ఒక ఇల్లు కొంటున్నామా?”

“వడ్డీ పెరగకపోతే. పెరిగితే వాయిదా పెంచరు, ఏళ్ళు పెంచుతారు. మనకి తెలీదు. నేనూ ఇరవై ఏళ్ళకనే మొదలెట్టాను. ఏడేళ్ళు కట్టాక వెళ్ళి అడిగితే, ఇంకా పదహారేళ్ళుంది అన్నారు.” ఆ మాటలు ఎవరి గురించో చెప్పినట్టు చెప్పాడు. “చేతిలో నాలుగు డబ్బులు ఆడినప్పుడల్లా అసలులో వెయ్యండి. మొదటి ఏళ్ళలోనే వెయ్యాలి. నాకిది చెప్పినవాళ్ళు లేరు.”

ఆమె కాగితాలు గుండెలకు అదుముకుంది.

“ఇది చెబుదామనేనా ప్రతి నెలా వస్తున్నారు?”

“కాదమ్మా. బ్యాంకుకి వెళ్ళే దారి ఇదే. కాళ్ళు వాటంతటవే ఇక్కడ ఆగుతాయి.”

“ఇల్లు పోయాక ఇంకా బ్యాంకులో మీకేం పని బాబాయిగారూ?”

ఆయన గడియ ఎత్తి, చప్పుడు కాకుండా గేటు మూశాడు.

“వేలం డబ్బుతో అప్పంతా తీరలేదుగా. ఈ ఇంటికి నేనింకా వాయిదా కడుతున్నానమ్మా.”