ఒక్క గీత

ముక్కులో పుల్ల తిప్పుకునేసరికి వెంకటేశ్వరమ్మకి రెండు కళ్ళ వెంటా నీళ్ళు కారాయి. కొంగుతో తుడుచుకుని, పుల్లని గొట్టంలోని నీళ్ళలో ముంచి, కరోనా కిట్టు మీద మూడు చుక్కలు వేసింది.

“పదిహేను నిమిషాలు,” అన్నాడు ఆవిడ మొగుడు పేరయ్య గోడ గడియారం చూసి. “ముందు చూసినా తప్పే, మరీ ఆలస్యంగా చూసినా తప్పేనంట. మందుల షాపు అన్వర్ మరీ మరీ చెప్పాడు.”

ఇద్దరూ దాన్ని మధ్యన పెట్టుకుని అరుగు మీద కూర్చున్నారు.

కూతురు మాధురి గుంటూరు ఆస్పత్రిలో ఏడో నెలలోనే ఆడపిల్లని కని పది రోజులైంది. రెండు కడుపులు పోయాక దక్కిన పిల్ల. కిలోన్నర కూడా తూగదు. గాజు పెట్టెలోంచి తీశాం, ఇక మనిషి ఒంటి వెచ్చదనమే మందు, పొద్దస్తమానం ఎవరో ఒకరు గుండెలకి హత్తుకుని కూర్చోవాలి అన్నారు డాక్టర్లు. మాధురికి కుట్లు చీముపట్టి జ్వరం. అల్లుడు వీరాంజనేయులుకి తల్లి లేదు. అతనొక్కడే వంతు మార్చేవాళ్ళు లేక అల్లాడిపోతున్నాడు. మిగిలింది అమ్మమ్మే. కరోనా మళ్ళీ తిరుగుతోంది, పరీక్ష చేసుకుని రమ్మని ఆస్పత్రివాళ్ళు కబురు చేశారు.

వెంకటేశ్వరమ్మకి నిన్నటి నుంచి ఒళ్ళు నొప్పులు. కిందటివారం పేరయ్య కూడా మూడు రోజులు జలుబూ జ్వరంతో మంచమెక్కి లేచాడు. మిరప కోతల్లో దుమ్ము పడలేదన్నాడు. కోతలప్పుడు ఆ ఊళ్ళో తుమ్మనివాడెవడు గనక? ఎవరూ పట్టించుకోలేదు.

“టైమైంది. చూడు.”

“ఒక్క గీతే! సి దగ్గర.”

“టి దగ్గర సరిగ్గా చూడవయ్యా. సన్నగా కనపడినా కరోనా ఉన్నట్టేనంట.”

పేరయ్య కిట్టుని ఎండకి పెట్టి అటూ ఇటూ తిప్పాడు. టి దగ్గర ఏమీ లేదు. వెంటనే అన్వర్‌కి ఫోన్ చేశాడు.

“ఒక్క గీతే అన్వరూ! పిన్నికి లేనట్టేగా?”

“ఒంట్లో ఎలా ఉంది బాబాయ్?”

“ఒళ్ళు నొప్పులంటోంది. కాస్త నీరసం.”

“అయితే లేదని చెప్పలేం. మొదట్లో కిట్టుకి అందదు. రెండ్రోజులాగి ఇంకోటి చెయ్యండి. అప్పుడూ ఒక్కటే వస్తే బయల్దేరండి. నెలలు నిండని పిల్ల బాబాయ్, తొందరపడొద్దు.”

ఫోన్ పెట్టేశాడో లేదో అల్లుడు చేశాడు.

“అత్తయ్యా, ఎన్నింటికి బయల్దేరుతున్నారు? తెల్లవారుజామున నాకు కునుకు పట్టింది. లేచేసరికి పాప కాళ్ళు చల్లబడ్డాయి.”

వెంకటేశ్వరమ్మ అరుగు మీదే కూలబడింది. “వెళ్ళకపోతే చలికి పోద్దేమో. వెళ్తే... నా చేతులతో నేనే చంపుకుంటానేమో. నేనేం చెయ్యనయ్యా?”

ముందు నుయ్యి, వెనక గొయ్యి. పేరయ్య కిట్టుని పక్కన పెట్టేశాడు.

“కరోనా కాదే నీకు. దిష్టి. మనవరాలు పుట్టిందని ఊరంతా పంచదార పంచావు. ఎంతమంది కళ్ళు పడ్డాయో!”

ఆవిడ మొహంలో కాస్త ప్రాణం వచ్చింది. “దిష్టయితే ఇప్పుడే తెలిసిపోద్ది. మిరపకాయలు, ఉప్పు తీసుకురా.”

“నేనా? మగాణ్ణి తియ్యొచ్చా?”

“ఇంట్లో ఇంకెవరున్నారు, కలెక్టరుగారా?”

దొడ్లో పట్టా మీద ఆరబోసిన కొత్త కాయల్లోంచి గుప్పెడు, చిటికెడు ఉప్పూ తెచ్చాడు పేరయ్య.

“ఏడు చాలయ్యా. పచ్చడేమన్నా నూరుతున్నావా?”

చాలా రోజులకి ఇద్దరూ నవ్వారు. ఆవిణ్ణి తూర్పుగా కూర్చోబెట్టి, ఏడు కాయలూ ఉప్పూ మూడుసార్లు తల చుట్టూ తిప్పి, ఇరుగునీ పొరుగునీ నోటికొచ్చినట్టు తిట్టి, పత్తికట్టె మండుతున్న నీళ్ళ పొయ్యిలో వేశాడు. ఇద్దరూ వంగి చూస్తూ నిలబడ్డారు. దిష్టి లేకపోతే కాయలు నిప్పులో పడగానే ఘాటు నషాళానికి అంటుతుంది. దిష్టి ఉందా, ఎన్ని కాలినా ఘాటు రాదు. వెంకటేశ్వరమ్మ తల్లీ, అమ్మమ్మా నమ్మిన పరీక్ష అది.

కాయలు నల్లబడి, పేలి, మాడిపోయాయి. పొగ మొహాల మీదికే వచ్చింది. ఇద్దరిలో ఒక్కరూ దగ్గలేదు.

“ఇసుమంత కూడా రాలేదే!” పేరయ్య మిగిలిన కాయలు కూడా పొయ్యిలో వేశాడు. ముక్కు దగ్గరగా పెట్టి చూశాడు. ఏమీ లేదు.

“ఎంత దిష్టి తగిలిందో తల్లీ!” వెంకటేశ్వరమ్మ కళ్ళు ఒత్తుకుంది. గుండెల మీంచి బండ దింపినట్టయింది ఆవిడకి. కిట్టూ అదే చెప్పింది, నిప్పూ అదే చెప్పింది. ఇంక అన్వర్ మాట ఎవరికి కావాలి? పది గంటల బస్సుకి బయల్దేరింది.

ఆస్పత్రిలో కిట్టు ఫోటో చూపించింది. ఒళ్ళు నొప్పుల ఊసెత్తలేదు. నర్సు చేతులు కడిగించి, పాపని తెచ్చి ఆవిడ రొమ్ము మీద పడుకోబెట్టి, పైన దుప్పటి కప్పింది. పిడికెడు ప్రాణం. కాసేపటికి ఆ చిన్ని పాదాలు వెచ్చబడ్డాయి. వీరాంజనేయులు గోడకి ఆనుకుని కూర్చున్నచోటే నిద్రపోయాడు. వెంకటేశ్వరమ్మ ఆగలేకపోయింది. మాస్కు కిందికి లాగి, పాప నుదుటి మీద ముద్దు పెట్టుకుంది. అలాగే మొహం ఆనించి చాలాసేపు ఉండిపోయింది.

ఫోన్ మోగింది. పక్కింటి ఖుర్షిదా.

“అక్కా, పాపెట్లా ఉంది?”

“నా గుండెల మీదే నిద్దరోతోందమ్మా. ఇక భయం లేదు.”

“అల్లా చల్లగా చూడాలి. పొద్దున మీ పొయ్యిలో ఏం కాల్చారక్కా, ఆ ఘాటుకి మా ఇంటిల్లిపాదికీ ఒకటే దగ్గు!”